అనుమతి మీరిచ్చి, శిక్ష మా బిడ్డలకా?

వైద్యవిద్యలో అనుమతి వేరు, గుర్తింపు వేరు. ఒక కళాశాల ఫలానా పీజీ కోర్సును ఇన్ని సీట్లతో మొదలుపెట్టుకోవచ్చునని చెప్పేది అనుమతి. ఆ కోర్సు చదివి పరీక్ష గట్టెక్కిన వైద్యుని పట్టా దేశంలో చెల్లుతుందని చెప్పేది గుర్తింపు. మొదటి కాగితాన్ని చూపించి ఫీజులు వసూలు చేస్తారు. రెండవ కాగితం మూడేళ్ల తర్వాత రావాలి. అది రానప్పుడు కళాశాల భవనం ఎక్కడికీ పోదు, అనుమతి ఇచ్చిన అధికారి ఉద్యోగమూ పోదు. పోయేది విద్యార్థి యౌవనం, అతని తండ్రి అప్పు తెచ్చి కట్టిన డబ్బు. ఈ అన్యాయాన్ని మూడు దశాబ్దాల పాటు చట్టబద్ధంగా నడిపించారు. దానిలో ఒక భాగాన్ని ఇటీవల సరిదిద్దారు. మిగిలిన భాగాన్ని గురించి ముస్లిం సమాజం ఇప్పటికైనా నోరు విప్పాలని మేము కోరుతున్నాము.

పీజీ సీట్ల గొడవ కలవారి గొడవ కదా, కమ్మర్‌పల్లి వంటి ఊరికి దానితో ఏమి పని అని ఎవరైనా అడగవచ్చు. మా ఊరు ఆర్మూరుకూ మెట్‌పల్లికీ నడుమ, 63వ నంబరు జాతీయ రహదారి మీద ఉన్న మండల కేంద్రం. పసుపు పండించే రైతులు, బీడీలు చుట్టే స్త్రీలు, కొడుకులను గల్ఫ్‌కు పంపి నెలనెలా వచ్చే డబ్బు కోసం ఎదురుచూసే తల్లిదండ్రులు ఇక్కడి జనం. కాన్పు కష్టమైతే ఆర్మూరుకు, అక్కడ కాదంటే నిజామాబాదుకు, అక్కడా చేతులెత్తేస్తే హైదరాబాదుకు పరుగు. దారి పొడవునా ఎంబీబీఎస్ డాక్టర్లు కనబడతారు. కనబడనిది మత్తు ఇచ్చే వైద్యుడు, నెలలు నిండని శిశువును చూసుకోగల పిల్లల వైద్యుడు, స్కానింగు చూసి నిర్ధారణగా చెప్పగల రేడియాలజిస్టు. వీరంతా పీజీ చదివి రావలసినవారే. ఒక పీజీ పట్టా చెల్లదని తేలితే ఒక ఇంటికి నష్టం. అటువంటివి పది చెల్లకపోతే ఆ నష్టం జిల్లా ఆసుపత్రిలోని ఖాళీ కుర్చీల రూపంలో మన ముందే నిలుస్తుంది.

ఇక డబ్బు సంగతి. 2020 ఏప్రిల్‌లో రాష్ట్ర ప్రభుత్వం ఖరారు చేసిన లెక్క ప్రకారం ప్రైవేటు కళాశాలలో క్లినికల్ పీజీ కోర్సుకు కన్వీనర్ సీటులో ఏటా సుమారు ఏడు లక్షల రూపాయలు, యాజమాన్య కోటాలో ఏటా సుమారు ఇరవై మూడు లక్షల రూపాయలు. మూడేళ్లకు ఎంతో లెక్క కట్టుకోండి. మన ప్రాంతంలో జీతపు ఉద్యోగమంటే ఒకప్పుడు బోధన్ నిజాం చక్కెర కర్మాగారమే గుర్తుకు వచ్చేది. 1937లో పుట్టిన ఆ ఫ్యాక్టరీ 2015 డిసెంబరులో మూతబడింది. దాని మీద బ్రతికిన కుటుంబాలలో ఎన్నో మన కుటుంబాలు. ఇటువంటి నేల మీద నుంచి ఒక బిడ్డ డాక్టరై, ఆపై పీజీ సీటు సంపాదిస్తే, ఆ సీటు వెనుక అమ్మిన పొలమూ తాకట్టు పెట్టిన నగలూ ఎడారిలో చెమటోడ్చిన అన్నదమ్ములూ ఉంటారు. అంత భారం మోసిన కుటుంబానికి ప్రభుత్వం చేతికిచ్చినది షరతులతో కూడిన కాగితమని, ఆ షరతులు నెరవేర్చవలసినది మరెవరో అని, నెరవేర్చకపోతే దండన మాత్రం తమకేనని ఎవరూ చెప్పరు.

ఈ చిక్కు ఎక్కడ పుట్టిందో చూడాలి. 1956 నాటి భారత వైద్య మండలి చట్టానికి 1993లో 10ఎ అనే సెక్షను చేర్చారు. కొత్త కళాశాల పెట్టాలన్నా, కొత్త కోర్సు తెరవాలన్నా, ఉన్న సీట్లు పెంచాలన్నా కేంద్ర ప్రభుత్వం ముందస్తు అనుమతి ఉండాలన్నది దాని సారం. క్యాపిటేషన్ ఫీజుల కోసం వీధికొక కళాశాల పుట్టుకొస్తున్న రోజులవి. అడ్డుకట్ట అవసరమే, కాదనము. అయితే పట్టా గుర్తింపు అదే చట్టంలోని 11వ సెక్షను కింద వేరుగా ఉండిపోయింది. అనుమతితో కోర్సు మొదలై, మొదటి జట్టు విద్యార్థులు చివరి పరీక్ష వ్రాసే వేళకు తనిఖీ బృందం వచ్చి పరీక్షనూ ఆసుపత్రినీ చూసి, సంతృప్తి చెందితేనే ఆ పట్టా మొదటి షెడ్యూలులోకి ఎక్కుతుంది. ఒక్కొక్క కళాశాలకు, ఒక్కొక్క కోర్సుకు, చివరకు పెంచిన సీట్లకు కూడా ఈ తంతు విడివిడిగా జరగాలి. కాబట్టి ఒకే వార్డులో, ఒకే ఆచార్యుని దగ్గర, ఒకే రోగులను చూసి నేర్చుకున్న ఇద్దరిలో ఒకరి పట్టా గుర్తింపు గలది, మరొకరిది కేవలం అనుమతి గలది కావచ్చు. ఇంతకన్నా వింత మరొకటి ఉంటుందా?

గుర్తింపు రాని పట్టాతో ఏమవుతుంది? రాష్ట్ర వైద్య మండలి దానిని అదనపు అర్హతగా నమోదు చేయదు. నమోదు లేనిదే ప్రభుత్వ స్పెషలిస్టు ఉద్యోగానికి దారి లేదు, బోధన ఉద్యోగం లేదు, సూపర్ స్పెషాలిటీ చదువుకు తలుపు తెరుచుకోదు. మూడేళ్లు రాత్రింబవళ్లు ఆపరేషన్ థియేటరులో నిలబడి విశ్వవిద్యాలయ పరీక్ష నెగ్గిన మనిషి కాగితం మీద మళ్ళీ ఎంబీబీఎస్‌గా మిగిలిపోతాడు. తప్పు ఎవరిది? కళాశాల దరఖాస్తు పెట్టడంలో ఆలస్యం చేసి ఉండవచ్చు. చాలినంత మంది అధ్యాపకులు లేకపోయి ఉండవచ్చు. తనిఖీ బృందమే సకాలంలో రాకపోయి ఉండవచ్చు. ఈ మూడింటిలో ఒక్కటైనా విద్యార్థి చేతిలో ఉన్నదా?

ఇదంతా ప్రమాణాల కోసం, రోగుల ప్రాణాల కోసం అని నియంత్రకులు అంటారు. తనిఖీలు వద్దని మేము అనడం లేదు. తనిఖీ రోజున అద్దె అధ్యాపకులను బస్సులలో దింపి, ఊళ్ల నుంచి కూలి ఇచ్చి తెచ్చిన మనుషులను మంచాల మీద పడుకోబెట్టే కళాశాలల కథలు తెలుగునాట ఎవరికి తెలియవు? అటువంటి చోట నేర్చిన వైద్యుని చేతిలో మన తల్లిని పెట్టడానికి మనమూ ఒప్పుకోము. కానీ ప్రమాణాల పేరు చెప్పుకునేవారి చేతులు కూడా శుభ్రంగా ఉండాలి కదా. 2010 ఏప్రిల్‌లో అప్పటి భారత వైద్య మండలి అధ్యక్షుణ్ణే ఒక కళాశాల అనుమతికి సంబంధించిన లంచం ఆరోపణ మీద సీబీఐ అరెస్టు చేసింది. మరుసటి నెలలో ఆర్డినెన్సు ద్వారా ఆ మండలినే రద్దు చేయవలసి వచ్చింది. తర్వాత 2019 చట్టంతో జాతీయ వైద్య కమిషన్ ఏర్పడి 2020 సెప్టెంబరు 25 నుంచి పని మొదలుపెట్టింది. పేరు మారింది, బోర్డులు నాలుగయ్యాయి. 2025 వేసవిలో అదే సీబీఐ తనిఖీల రహస్య సమాచారం ముందే కళాశాలలకు అందిందనీ, లంచాలు చేతులు మారాయనీ ఆరోపిస్తూ కేసు పెట్టి, ఆరోగ్య శాఖ అధికారులతో సహా ముప్పై మందికి పైగా నిందితులను పేర్కొంది. ఆరోపణలు రుజువు కావలసి ఉన్నది, సరే. మా ప్రశ్న చిన్నది. కొలిచే త్రాసు మీదనే అనుమానం ఉన్నప్పుడు, ఆ తూకం తేడాకు సరుకును ఎందుకు శిక్షిస్తారు?

న్యాయంగా ఒక మంచి మాట కూడా చెప్పాలి. 2023 డిసెంబరు చివరలో కమిషన్ విడుదల చేసిన పీజీ వైద్యవిద్యా నియమావళి, ఒకసారి కోర్సు ప్రారంభించడానికి అనుమతి ఇచ్చాక పట్టా నమోదు వరకు ఆ కోర్సును గుర్తింపు గలదిగానే పరిగణించాలని చెప్పింది. అనుమతికీ గుర్తింపుకూ మధ్య ఉన్న అగాధం మీద ఇది వంతెన. ఈ ఒక్క వాక్యం వ్రాయడానికి 1993 నుంచి లెక్కిస్తే ముప్పై ఏళ్లు పట్టింది. ఈ ముప్పై ఏళ్లలో కోర్టుల చుట్టూ తిరిగిన వైద్యుల వయస్సును ఎవరు తిరిగి ఇస్తారు? పైగా వంతెన ఒక ఒడ్డుకే కట్టారు. కోర్సు సజావుగా పూర్తయిన వానికి రక్షణ దొరికింది. కోర్సు మధ్యలో అనుమతినే వెనక్కు తీసుకుంటే పరిస్థితి ఏమిటి?

ఇది ఊహ కాదు, మన రాష్ట్రంలో జరిగినదే. 2021 నీట్ పీజీ కౌన్సెలింగు రిజర్వేషన్ల వ్యాజ్యం కారణంగా ఆలస్యమై 2022 జనవరిలో గాని మొదలు కాలేదు. విద్యార్థులు చేరి నెలలైనా నిండకముందే, మే నెలలో జాతీయ వైద్య కమిషన్ సంగారెడ్డిలోని ఎంఎన్ఆర్, పటాన్‌చెరు దగ్గరి టీఆర్ఆర్, వికారాబాదులోని మహావీర్ కళాశాలల ప్రవేశ అనుమతులను లోపాల కారణంగా ఉపసంహరించింది. ఎంబీబీఎస్ విద్యార్థులూ పీజీ వైద్యులూ ఒక్కసారిగా రోడ్డున పడ్డారు. ఆ సీట్లు వారు దొంగదారిన కొన్నవి కావు. కౌన్సెలింగులో, కమిషన్ స్వయంగా అనుమతించిన జాబితా చూసి ఎంచుకున్నవి. వేరే కళాశాలలలో సర్దుబాటు చేయండని నెలల తరబడి తిరిగారు, ధర్నాలు చేశారు, హైకోర్టు మెట్లెక్కారు. ఆ తర్వాతనే సర్దుబాటు జరిగింది. కమిషన్ వారు ఉత్తర్వు మీద సంతకం చేసిన రోజునే ఈ బిడ్డలు రేపటి నుంచి ఏ ఆసుపత్రిలో పనిచేయాలో కూడా వ్రాసి ఉంటే ఆ నెలలన్నీ మిగిలేవి. కూల్చే ఇంట్లో మనుషులున్నారా అని చూడకుండా కూల్చేవాడిని ఏమంటాము?

కడప ఫాతిమా వైద్య కళాశాల విద్యార్థుల గతి ఇంతకన్నా దారుణం. అది ఎంబీబీఎస్ సంగతే గాని, ముస్లిం మైనారిటీ సంస్థ కనుక మన సమాజానికి మరింత దగ్గరి గాయం. 2015-16లో చేరిన సుమారు వంద మంది ప్రవేశాలను మండలి ఒప్పుకోలేదు. కళాశాల తరగతులు నడిపింది, ఫీజులు పుచ్చుకున్నది. న్యాయస్థానాలలో పిల్లలకు ఊరట దక్కలేదు. 2017లో విజయవాడలో ఆ విద్యార్థులలో కొందరు సెల్ టవర్ ఎక్కి కూర్చుంటే గాని రాష్ట్రం వారి వైపు తల తిప్పలేదు. డాక్టర్లు కావలసిన పిల్లలను టవర్లెక్కించినది ఎవరు? మండలి ఒక్కటే కాదు. అనుమతి లేదని తెలిసీ పిల్లలను కూర్చోబెట్టిన యాజమాన్యం కూడా.

ఇదే కాలంలో దేశంలో మరోచోట ఏమి జరిగిందో గమనించండి. ఒడిశాలోని కళింగ వైద్య కళాశాల మధ్యంతర ఉత్తర్వుల అండతో అదనపు సీట్లలో విద్యార్థులను చేర్చుకున్నది. 2016 మేలో సుప్రీం కోర్టు యాజమాన్యానికి ఐదు కోట్ల రూపాయల జరిమానా విధించి, ఆ సొమ్మును విద్యార్థుల నుంచి వసూలు చేయరాదని చెప్పి, పిల్లలను చదువు కొనసాగించనిచ్చింది. 2021 ఫిబ్రవరిలో ఉత్తరప్రదేశ్‌లోని ఉన్నావ్ సరస్వతీ కళాశాల విషయంలోనూ ఐదు కోట్లు యాజమాన్యం చేత కట్టించి, 132 మంది విద్యార్థులను చదువు పూర్తి చేయనిచ్చి, ఆ తర్వాత రెండేళ్లు సమాజ సేవ చేయాలని షరతు పెట్టింది. ఒక్కొక్క కేసులో వాస్తవాలు వేరు కావచ్చు, వకీళ్లు ఆ తేడాలు గంటల కొద్దీ చెప్పగలరు. మాకు కనబడేది మాత్రం ఇది. యాజమాన్యాన్ని దండించి విద్యార్థిని నిలబెట్టే మార్గం ఉన్నదని దేశ అత్యున్నత న్యాయస్థానమే చూపించింది. ఒక చోట దొరికిన ఆ మార్గం మరొక చోట దొరకడం విద్యార్థి అదృష్టం మీద ఆధారపడరాదు. అది చట్టంలోనే ఉండాలి.

ఇక మన ఇంటి మాట. హైదరాబాదులో 1984 నుంచి దక్కన్ వైద్య కళాశాల, తర్వాత షాదాన్ వంటి మైనారిటీ సంస్థలు వచ్చాయి. రాజ్యాంగం 30వ అధికరణం మనకిచ్చిన హక్కు ఫలాలివి, వాటి వల్ల ఎందరో ముస్లిం బిడ్డలు, ముఖ్యంగా ఆడపిల్లలు డాక్టర్లయ్యారు. ఆ మేలు మరువము. కానీ లోపాలు బయటపడినప్పుడల్లా మైనారిటీ కాబట్టే మమ్మల్ని వేధిస్తున్నారు అని ఏ మైనారిటీ యాజమాన్యమైనా కేక పెడితే, ఆ కేకకు తల ఊపే ముందు మనం లెక్క అడగాలి. వివక్ష లేదని మేము అనము. ఉన్నచోట ఆధారాలతో నిలదీయాలి. అయితే 2022లో అనుమతులు పోయిన మూడు కళాశాలలలో ఒక్కటైనా ముస్లిం సంస్థ కాదు. అధ్యాపకుల కొరతకు మతం లేదు. 2002లో టీఎంఏ పాయ్ కేసులో పదకొండుగురు న్యాయమూర్తుల ధర్మాసనం 30వ అధికరణాన్ని కాపాడుతూనే, చదువు ప్రమాణాల నియమాలు మైనారిటీ సంస్థలకూ వర్తిస్తాయని చెప్పింది. 2020 ఏప్రిల్‌లో వేలూరు క్రైస్తవ వైద్య కళాశాల కేసులో నీట్ విషయంలోనూ అదే తేలింది. ఆ అధికరణం సమాజానికి ఇచ్చిన అమానత్. అది ఏ ట్రస్టు ఛైర్మన్ గారి సొంత ఆస్తి కాదు. ఆ హక్కు పేరుతో తెచ్చిన సీటులో మన బిడ్డ నష్టపోతే, మొదట సమాధానం చెప్పవలసినవారు ఆ ట్రస్టు వారే.

మన బిడ్డలకు ఈ అనిశ్చితి రెండింతలు అన్నది కూడా మరువరాదు. ముస్లింలలో వెనుకబడిన వర్గాలకు బీసీ-ఈ కింద ఉన్న నాలుగు శాతం రిజర్వేషను 2007 చట్టం వల్ల వచ్చినది. 2010 ఫిబ్రవరిలో హైకోర్టు ఏడుగురు న్యాయమూర్తుల ధర్మాసనం దానిని కొట్టివేసింది. మరుసటి నెలలో సుప్రీం కోర్టు ఇచ్చిన మధ్యంతర ఉత్తర్వు నీడలోనే అది నేటికీ నడుస్తున్నది. అంటే బీసీ-ఈలో పీజీ సీటు పొందిన మన యువకుని కాలి కింద రెండు పలకలున్నాయి. రిజర్వేషను ఒక మధ్యంతర ఉత్తర్వు మీద, కళాశాల ఏటేటా పునస్సమీక్షించే అనుమతి మీద. రెండు పలకలూ కదిలేవే. అతడు మాత్రం కదలకుండా నిలబడి శస్త్రచికిత్స నేర్చుకోవాలి.

ప్రభుత్వ కళాశాలలో చేరితే భయం లేదనుకునేవారికి ఒక మాట. నిజామాబాదు ప్రభుత్వ వైద్య కళాశాల 2013లో, పొరుగున జగిత్యాల 2022లో, కామారెడ్డి 2023లో మొదలయ్యాయి. జిల్లాకొక కళాశాల రావడం సంతోషమే. కానీ రిబ్బను కత్తిరించినంత వేగంగా ప్రొఫెసర్లు పుట్టరు. 2025లో రాష్ట్రంలోని ప్రభుత్వ వైద్య కళాశాలలలో అత్యధిక భాగానికి అధ్యాపకుల కొరత, ఇతర లోపాల మీద కమిషన్ నోటీసులు వచ్చాయి. ప్రభుత్వం హామీ పత్రం వ్రాసి ఇస్తే అనుమతి కొనసాగుతుంది, ఏడాది తిరిగేసరికి అదే హామీ మళ్ళీ వ్రాస్తారు. పిల్లల చదువు ఆగనందుకు మేలే, మరి రోగి సంగతి? హామీ పత్రం సూది మందు వేయదు కదా!

మేము కోరేది దయ కాదు. అనుమతి అంటే రాజ్యం విద్యార్థికి ఇచ్చిన మాట. ఆ మాట నమ్మి చేరినవాని చదువుకు, పట్టాకు రాజ్యమే పూచీ పడాలి. ఏ కళాశాల అనుమతినైనా ఉపసంహరించే ఉత్తర్వులోనే అందులోని ప్రతి విద్యార్థికి బదిలీ స్థానం చూపాలి. చూపని ఉత్తర్వు చెల్లదని జాతీయ వైద్య కమిషన్ చట్టంలో చేర్చాలి. కట్టిన ఫీజును కళాశాల పూచీ సొమ్ము నుంచి తిరిగి ఇప్పించాలి, దాని కోసం విద్యార్థి వకీలును పెట్టుకోవలసిన అగత్యం ఉండకూడదు. జరిమానాల సొమ్ము ఖజానాకు చేరితే చాలదు, నష్టపోయినవానికి చేరాలి. ఇందుకోసం మన పార్లమెంటు సభ్యులను, ఏ పార్టీవారైనా సరే, అడగాలి. ఎన్నికల వేళ మన గల్లీలకు వచ్చి షర్బత్ త్రాగే నాయకులు ఈ ఒక్క సవరణ మీద ఎక్కడ నిలుస్తారో మనకు తెలియాలి.

వరంగల్‌లోని కాళోజీ ఆరోగ్య విశ్వవిద్యాలయం చేయగలిగినది మరొకటి ఉన్నది. దానికి చట్ట సవరణ కూడా అక్కరలేదు. సీటు కేటాయించే పత్రంలోనే ఆ కోర్సు స్థితి వ్రాయాలి. ఆ కళాశాలలో ఆ కోర్సుకు ఎన్ని సీట్లు గుర్తింపు పొందినవి, ఎన్ని అనుమతి మీద ఉన్నవి, చివరి తనిఖీ ఎప్పుడు జరిగింది, నోటీసులేమైనా ఉన్నాయా అన్నది నాలుగు పంక్తులలో తెలుగులోనూ ఉర్దూలోనూ అచ్చు వేయాలి. ఉర్దూ 2017 నుంచి రాష్ట్రమంతటా రెండవ అధికార భాష. అధికార భాష అన్నది కార్యాలయాల బోర్డులకే పరిమితమా? బిడ్డ కోసం లక్షలు కట్టే తండ్రికి తానేమి కొంటున్నాడో అతని భాషలో తెలియడం కన్నా ఆ భాషకు పెద్ద పని ఏమున్నది?

అది జరిగేవరకు పాఠకులు తమంతట తామే చేసుకోవలసిన పని ఉన్నది. సీటు వచ్చిందనగానే మన ఇళ్లలో మొదట వచ్చే ప్రశ్న ఎంత కట్టాలి అన్నది. దానికన్నా ముందు, వెబ్ ఆప్షన్లు పెట్టే రోజునే, కమిషన్ జాబితాలో ఆ కళాశాల ఎదుట ఆ కోర్సు స్థితిని, సీట్ల సంఖ్యను చూసి ఆ పుటను అచ్చు తీసి దాచుకోండి. తర్వాత వివాదం వస్తే కోర్టులో మొదట పనికొచ్చేది ఆ కాగితమే. అనుమతి వస్తుంది, దారిలో ఉన్నది అని కళాశాలవారు నోటితో చెబితే, అదే మాటను లెటరుహెడ్ మీద సంతకంతో వ్రాసి ఇమ్మనండి. ఇవ్వనంటే ఆ సీటు వదులుకోవడమే మేలు. ప్రతి చెల్లింపుకూ రసీదు తీసుకోండి, రసీదు లేని డబ్బును ఏ న్యాయమూర్తీ తిరిగి ఇప్పించలేడు. జాబితా చదవడం తెలియనివారికి చదివి చెప్పడానికి ఊరి మసీదు కమిటీలు, విద్యావంతులైన యువకులు కౌన్సెలింగు రోజులలో సాయంత్రాలు కొంత సమయం కేటాయించాలి. కమ్మర్‌పల్లిలో ఆ బాధ్యత మేము తీసుకుంటాము. ఆర్మూరు, బోధన్, నిజామాబాదు మిత్రులు తమ తమ చోట్ల ఎవరు తీసుకుంటారో ఈ పత్రిక కార్యాలయానికి వ్రాయగలరు.